మరుత్ ఫ్లాపా? మనమే ఫ్లాప్ చేశామా?

గగనవిహారి: 71 పాకిస్తాన్ యుద్ధం టాపిక్ వస్తే చాలు మన దేశంలోనే తయారైన యుద్ధ విమానం హెచ్ఎఫ్-24 మరుత్‌ని చెత్త అని తీసిపారేస్తారు. గాల్లో శత్రు విమానం చేతిలో ఒక్క మరుత్ కూడా కూలలేదు, దాని పైలట్లకి మూడు వీర్ చక్రలొచ్చాయి. ఇంకేం కావాలి?

హంటర్‌బాబు: రాజస్థాన్ ఎడారిలో లోంగేవాలా దగ్గర పాక్ ట్యాంకుల్ని కొట్టింది జైసల్మేర్ నుంచి వెళ్లిన హంటర్లు, బ్రిటన్ నుంచి కొన్న విమానాలు.

గగనవిహారి: లోంగేవాలా పేరు నేనెత్తానా అసలు? 10, 220 స్క్వాడ్రన్లు ఎడారి మీద కిందకంటా ఎగురుతూ వెళ్లి కొట్టొచ్చాయి, ఒక ఇంజన్ పోయినా రెండోదాంతో ఇల్లు చేరిన పైలట్లున్నారు, డిసెంబర్ 7న స్క్వాడ్రన్ లీడర్ బక్షీ పాక్ సేబర్ జెట్‌ని కూల్చాడు, ఇదంతా వదిలేసి

హంటర్‌బాబు: అది మనవాళ్ల క్లెయిమ్. లోంగేవాలా సంగతి చెప్పండి.

చిట్టిబాబు_టెక్: 😂 పాప్‌కార్న్ తెచ్చుకుంటున్నా

రామం_గారు: దీని జర్మన్ డిజైనర్ కుర్ట్ టాంక్ గీసింది మ్యాక్ 2, అంటే ధ్వనికి రెండింతల వేగంతో పోయే విమానాన్ని. అనుకున్న ఆర్ఫియస్ 12 ఇంజన్‌కి డెవలప్‌మెంట్ ఖర్చు పెట్టుకోమని బ్రిటిష్ కంపెనీ అడిగితే మనం ఒప్పుకోలేదు. చివరికి నాట్ అనే చిన్న ఫైటర్‌లో వాడే బాపతు ఆర్ఫియస్ 703లు రెండు పెట్టి స్పీడ్ లేదంటే ఎలాగండీ? నేను చేసిన కంపెనీలోనూ ఇదే భాగవతం, పంపు మేం డిజైన్ చేశాం, సరిపడా మోటర్‌కి డబ్బులివ్వలేదు, నీళ్లు ఎక్కకపోతే డిజైన్ వాళ్లదే తప్పన్నారు, నా ప్రమోషన్ పోయింది.

హంటర్‌బాబు: మీ ప్రమోషన్‌కీ మరుత్‌కీ సంబంధమేంటి సార్?

రామం_గారు: నోరు అదుపులో పెట్టుకో బాబూ. డబ్బులివ్వని వాణ్ణి ఎవరూ ఏమీ అనరు, చేసినవాణ్ణే తిడతారు, సంబంధం అదీ.

హంటర్‌బాబు: సరే, చేసినవాళ్ల గురించే మాట్లాడదాం. 1961 జూన్ 17న దీన్ని మొదటిసారి ఎగరేసిన సురంజన్ దాస్, 1970 జనవరిలో రీహీట్ (ఎగ్జాస్ట్‌లో మళ్లీ ఇంధనం మండించి అదనపు బలమిచ్చే) ఇంజన్ల మరుత్‌ని టెస్ట్ చేస్తూ బెంగళూరులో టేకాఫ్‌లోనే కూలి చనిపోయాడు. స్వదేశీ స్వదేశీ అని మీరు చప్పట్లు కొడతారు, కాక్‌పిట్‌లో కూర్చునేది ఇంకొకడు. పైలట్‌కి రెడీగా ఉన్న మంచి విమానం కొనివ్వండి అంటున్నా, నా గొడవ మొదట్నుంచీ ఇదే.

గగనవిహారి: అది మొదటి పోస్టులోనే చెప్పి ఏడవొచ్చుగా! రెండు రోజులు లోంగేవాలా లోంగేవాలా అని ప్రాణం తీశావు. అయినా కొన్నవి కూలవా? మిగ్-21లో పోయినవాళ్లు పైలట్లు కారా?

హంటర్‌బాబు: మిగ్-21 కూలిందని మరుత్‌కి స్పీడ్ రాదు. మ్యాక్ 2 అని మొదలుపెట్టి మ్యాక్ 1 దగ్గర ఆయాసపడింది.

రామం_గారు: ఇంజన్ ఇవ్వలేదనే కదయ్యా గంట నుంచి చెప్తున్నా!!

చిట్టిబాబు_టెక్: లోంగేవాలాకి వెళ్లింది హంటర్లా మరుతులా, ఎవరైనా తేల్చండి