స్పెయిన్ సెంటర్ బ్యాక్‌లలో అగ్రస్థానం ఎవరిది: రౌల్ ఎంట్రెరియోస్‌దా, తలాంత్ దుయ్‌షెబాయెవ్‌దా?

మధ్యగీత:
ఈ వేదికలో హ్యాండ్‌బాల్ ప్రస్తావన వచ్చిన ప్రతిసారీ, స్పెయిన్ తరఫున ఆడిన సెంటర్ బ్యాక్‌లలో, అంటే మధ్యలో నిలబడి దాడిని నడిపించే ఆటగాళ్లలో, తలాంత్ దుయ్‌షెబాయెవ్‌ను అందరికంటే పైన కూర్చోబెట్టడం ఆనవాయితీ అయిపోయింది కనుక, నా అభ్యంతరాన్ని ఒకసారి వివరంగా రాస్తున్నాను. హిహోన్‌లో 1981లో పుట్టిన రౌల్ ఎంట్రెరియోస్ 2005లో ప్రపంచ విజేత జట్టులో ఉన్నాడు, 2018లోనూ 2020లోనూ యూరోపియన్ ఛాంపియన్ అయ్యాడు, బీజింగ్, టోక్యో ఒలింపిక్స్ రెండింటిలోనూ కాంస్యం అందుకున్నాడు. 2021 ఆగస్టులో ఈజిప్టుపై 33–31తో గెలిచిన ఆ కాంస్య పోటీయే, నలభై ఏళ్ల వయసులో, అతని చివరి ఆట. స్పెయిన్ చొక్కాతో తలాంత్ గెలిచిన ఒలింపిక్, ప్రపంచ, యూరోపియన్ స్వర్ణం ఒక్కటైనా ఉంటే చూపించండి.

ఏడు మీటర్లు:
మెడలోని పతకాలను తూకం వేసి ఆటగాడి స్థాయిని తేల్చేటట్లయితే ఇక ఆట చూడవలసిన పనే ఉండదు. తలాంత్ 1994లోనూ 1996లోనూ ప్రపంచ ఉత్తమ ఆటగాడిగా ఎంపికయ్యాడు. రౌల్‌కు గానీ, స్పెయిన్ గడ్డ మీద పుట్టిన మరొకరికి గానీ ఆ గౌరవం దక్కలేదు. రౌల్ బార్సిలోనాలో గెలిచిన పదకొండు స్పెయిన్ లీగ్ టైటిళ్ల సంగతికి వస్తే, సియుదాద్ రియల్ జట్టు 2011లో మాడ్రిడ్‌కు తరలిపోయి, అట్లెటికో పేరు పెట్టుకుని, రెండేళ్లకే డబ్బు చాలక మూతపడిన తరువాత ఆ లీగ్‌లో బార్సిలోనాకు ఎదురు నిలిచేవారే లేకపోయారు. అన్నిటికంటే ముఖ్యంగా 2016 జనవరిలో క్రాకోవ్‌లో జరిగిన యూరో ఫైనల్‌ను గుర్తు తెచ్చుకోండి. జర్మనీ 24, స్పెయిన్ 17. గంటసేపు ఆడిన ఫైనల్లో పదిహేడు గోల్స్ మాత్రమే వచ్చాయంటే, దాడిని నడిపించే సెంటర్ బ్యాక్ ఏం చేస్తున్నట్టు? అదే ఏడాది స్పెయిన్ రియో ఒలింపిక్స్‌కు అర్హత కూడా పొందలేదు.

పాత స్కోరుకార్డు:
చిన్న సవరణ. 1999లో ప్రపంచ ఉత్తమ ఆటగాడిగా నిలిచిన వింగ్ (మైదానం అంచున ఆడే) ఆటగాడు రఫాయెల్ గిహోసా స్పెయిన్‌లో పుట్టినవాడే.

ఏడు మీటర్లు:
సవరణను అంగీకరిస్తున్నాను. అయినా గిహోసా సెంటర్ బ్యాక్ కాదు, నా ప్రశ్న పదిహేడు గోల్స్ గురించి.

బంక చేతులు:
కళాశాల రోజుల్లో నాలుగేళ్లు పివట్ స్థానంలో, అంటే గోల్ గీత దగ్గర డిఫెండర్ల మధ్య నిలబడి, ఆడిన అనుభవంతో ఒక మాట చెబుతాను. సెంటర్ బ్యాక్‌ను గోల్స్‌తో కొలవడమంటే, వంటమనిషి ఎన్ని ముద్దలు తిన్నాడో చూసి వంట రుచి తేల్చడం లాంటిది. రౌల్ బంతి అందుకుని రెండడుగులు మెల్లగా, ఏదో ఆలోచనలో ఉన్నవాడిలా వేస్తాడు. షాట్ కొడతాడేమోనని ఎదురుగా ఉన్న డిఫెండర్ ఒక్క అడుగు ముందుకొచ్చి చేయి ఎత్తుతాడు. ఆ ఎత్తిన చేతి కింద నుంచి నేలకు కొట్టిన బంతి పివట్ అగినాగాల్దే చేతిలోకి వెళ్లిపోతుంది. ఆ పాస్‌ను నేను వందసార్లు వెనక్కి తిప్పి చూశాను, అయినా బంతి చేతిని వదిలిన క్షణాన్ని ప్రతిసారీ పట్టుకోలేకపోయాను. తలాంత్ కూడా అటువంటి పాస్‌లకే పేరు పొందాడు కనుక, ఈ పోలికలో పతకాలు, బహుమతుల కంటే ఆ మణికట్లను చూడటమే న్యాయం.

మధ్యగీత:
పదిహేడు గోల్స్ అని పదేపదే అంటున్నారు. ఆ రోజు జర్మనీ గోల్ ముందు ఆండ్రియాస్ వోల్ఫ్ నిలబడ్డాడన్న సంగతిని మాత్రం దాటవేస్తున్నారు. బార్సిలోనా టైటిళ్లు చవకవనే వాదనా నిలవదు, ఎందుకంటే రౌల్ బార్సిలోనాకు చేరింది 2010లో. అంతకుముందే, అంత డబ్బు లేని లియోన్ జట్టుతో 2005లోనూ, వయ్యదోలిద్‌తో 2009లోనూ యూరప్ కప్ విన్నర్స్ కప్ గెలిచి వచ్చాడు. 2011 ఛాంపియన్స్ లీగ్ ఫైనల్లో బార్సిలోనా 27–24తో ఓడించింది ఏ జట్టునో మీకు తెలిసే ఉంటుంది. ఆ సియుదాద్ రియల్ జట్టులో రౌల్ సొంత అన్న అల్బెర్తో ఉన్నాడు, దాని శిక్షకుడు మీ తలాంతే. ఇక 1994 బహుమతి నాటికి తలాంత్ ఇంకా రష్యా ఆటగాడే. కాబట్టి స్పెయిన్ లెక్కలోకి వచ్చేది ఒక్క బహుమతే. అద్దెకు తెచ్చుకున్న ఆటగాడిని ఇంటి బిడ్డ కంటే పైన నిలబెట్టడానికి అది చాలదు.

ఏడు మీటర్లు:
అద్దె అనే మాట మీరు వాడారు కనుక ఇక మొహమాటం లేకుండానే రాస్తాను. 1996లో స్పెయిన్‌లో జరిగిన యూరో ఫైనల్లో, తాను ఒకప్పుడు ఆడిన రష్యా మీదే స్పెయిన్ చొక్కా వేసుకుని ఆడి, ఒక్క గోల్ తేడాతో, 23–22తో ఓడిన మనిషిని అద్దెవాడంటారా? 2018 యూరోలో గోల్‌కీపర్ పెరెస్ దె వర్గాస్ గాయపడితే సెమీఫైనల్‌కు ముందు హుటాహుటిన వచ్చి గోల్ ముందు నిలబడ్డ స్టెర్బిక్ యుగోస్లావియాలో పుట్టినవాడు. తలాంత్ కొడుకు అలెక్స్ శాంతాందేర్‌లోనే పుట్టాడు, రౌల్ పక్కనే ఆడి 2018, 2020 స్వర్ణాలు గెలిచాడు. మీ కొలత ప్రకారం రౌల్ మెడలోని స్వర్ణంలో ఎంత భాగం అద్దెదో, ఎంత భాగం సొంతమో లెక్క కట్టి చెప్పండి. మీకు తలాంత్ ఆట మీద కాదు, అతను ఫ్రుంజేలో (నేటి కిర్గిజ్‌స్థాన్ రాజధాని బిష్కెక్‌లో) పుట్టడం మీద అభ్యంతరం ఉంది.

గ్యాలరీ చివరి వరస:
2023లో జైపూర్‌లో మన హ్యాండ్‌బాల్ జట్టు తెలుగు టాలన్స్ ఆడినప్పుడు చప్పట్లు కొట్టే ముందు మనమెవరమూ ఆటగాళ్ల నివాస ధ్రువపత్రాలు అడగలేదని మనవి.

మధ్యగీత:
నివాస ధ్రువపత్రం మాట ఎత్తారు కాబట్టి చెబుతున్నాను. తొమ్మిదో తరగతి నుంచి మూడేళ్లపాటు తెల్లవారుజామున ఐదింటికి లేచి, మైదానంలో సున్నంతో గీతలు గీసుకుని ఆడిన పిల్లలం మేము. జిల్లా జట్టు ఎంపికకు సరిగ్గా నెల ముందు వేరే రాష్ట్రం నుంచి ఒక కుర్రాడిని తీసుకొచ్చి, సిరా ఆరని ధ్రువపత్రం ఒకటి చేతిలో పెట్టి, జాబితాలో చేర్చారు. నోటీసు బోర్డు మీద ఆ పేరును చదివిన వేలు ఇప్పటికీ నా చేతికే ఉంది. ఆ ఏడాది క్రీడా కోటాలో రావలసిన సీటు నాకు రాలేదు. పుట్టిన ఊరికి, పెరిగిన మైదానానికి ఏ విలువా లేదని నాకు చెప్పకండి.

ఏడు మీటర్లు:
మీకు జరిగింది అన్యాయమే, కాదనను. అయితే నేను ఆ కుర్రాడి వైపు నుంచి వచ్చినవాడిని. మా నాన్నగారి బదిలీల వల్ల మూడు జిల్లాల్లో చదివాను. చివరి ఊరిలో ఆరేళ్లు అదే మైదానంలో, అదే గోల్ ముందు, మోకాళ్లు చీరుకుపోయేలా ఆడాను. ఎంపిక రోజున ఒక పెద్దమనిషి కాగితం చూసి, ఆట చూడకుండానే, నువ్వు నాన్‌లోకల్ అని పక్కన నిలబెట్టాడు. ఆరేళ్లు చాలకపోతే ఎన్నేళ్లు కావాలో ఆయన చెప్పలేదు. తలాంత్ గురించి మీరు రాసింది చదివినప్పుడు నాకు వినిపించింది ఆ గొంతే.

పాత స్కోరుకార్డు:
ఈ చర్చ శీర్షికను మార్చవలసి ఉంటుందేమో ఆలోచించండి.

మధ్యగీత:
మీరు ఆరేళ్లు ఆడారు, మా జిల్లాకు తెచ్చిన కుర్రాడు నెల రోజులు ఆడాడు. ఈ రెండూ ఒకటి కావు కనుక, అద్దె అన్న మాటను తలాంత్ విషయంలో ఉపసంహరించుకుంటున్నాను. రౌల్ విషయంలో నా అభిప్రాయం మాత్రం మారదు. ఇంకొకటి కూడా చెప్పాలి. ఆ కుర్రాడిది ఎడమచేతి వాటం. కుడి వింగ్ నుంచి గోల్‌కు కోణం దొరకాలంటే ఎడమచేతివాడే కావాలి, మా మైదానంలో అలాంటివాడు ఒక్కడూ లేడు.

ఏడు మీటర్లు:
మీరు ఏ స్థానంలో ఆడేవారు?

మధ్యగీత:
కుడి వింగ్‌లో ఆడేవాణ్ని, కుడిచేత్తో.