వేరుశనగకు దిగేది వేరా, ఊడా?

అనంతపురం ప్రాంతపు చెనక్కాయ చేలలో తరచుగా వినిపించే ‘ఊడలు దిగినాయి’ అన్న మాట సరైనదేనా, మర్రిచెట్టు ఊడను వేరుశనగకు అంటగట్టవచ్చునా అని ఇక్కడ ఒక సభ్యురాలు అడిగారు. దీనికి నిఘంటువు కన్నా మొక్కే తేటగా జవాబు చెబుతుంది.

విత్తిన నెలకు అటూ ఇటూగా ఆకు పంగల్లో పసుపు పూలు విచ్చుకుంటాయి. పువ్వు కింద సన్నని కాడ ఉన్నట్లు కనిపించేది నిజానికి పుష్పభాగాలు అడుగున కలిసిపోయి ఏర్పడిన గొట్టం. కీలం, అంటే అండాశయం నుంచి సాగే సన్నని పోగు, దాని లోపలి నుంచే పైకి వస్తుంది. అండాశయం మాత్రం గొట్టం మొదట్లో, ఆకు పంగలోనే ఒదిగి ఉంటుంది. ఉదయం విచ్చిన పువ్వు ఆ రోజే వాడిపోతుంది. ఫలదీకరణ జరిగాక అండాశయం కింది కణజాలం సాగి, మొనన అండాశయాన్ని మోసుకుంటూ నేలలోకి దిగి, కొద్ది లోతున అడ్డంగా తిరుగుతుంది; ఆ చీకటిలో అండాశయం కాయగా ఊరుతుంది. ఇలా సాగి నేలకు దిగే కాడనే రైతు ఊడ అంటాడు. కొమ్మల పైభాగాన పుట్టిన ఊడలు కొన్ని నేలను అందుకోలేక గాలిలోనే ఎండిపోవడం ఏ చేనులోనైనా చూడవచ్చు.

మర్రి ఊడ కొమ్మ నుంచి పుట్టిన వేరు. చెనక్కాయ ఊడ పువ్వు నుంచి పుట్టినది, దాని లోపలి నిర్మాణం కాండాన్ని పోలి ఉంటుంది. పుట్టుకలో రెండింటికీ చుట్టరికం లేకపోయినా, రైతు పేరు పెట్టింది పైనుంచి నేలకు దిగే తీరును చూసి గనుక, ఆ మాటను తప్పుపట్టడానికి నాకు కారణం కనిపించదు. చిక్కంతా ‘వేరుశనగ’ అన్న గ్రాంథికమైన పేరులోని మొదటి సగంతోనే. రెండో సగానికి ఆధారం ఉంది: వెనుక నిలిచిన పెద్ద రేకు ఒకటి, పక్క రేకులు రెండు, పడవలా కలిసిన అడుగు రేకులు రెండు అన్న అమరిక శనగకూ, కందికీ, చిక్కుడుకూ ఉన్నదే కాబట్టి వీటన్నిటినీ ఫాబేసి అనే ఒకే మొక్కల కుటుంబంలో చేర్చారు. 1753లో వృక్షశాస్త్రవేత్త లిన్నేయస్ పెట్టిన ‘అరాకిస్ హైపోజియా’ అన్న శాస్త్రీయ నామంలోని రెండో పదం ‘నేల కింద’ అని మాత్రమే చెబుతుంది, వేరు ఊసెత్తదు.

వ్యాఖ్య: అయ్యా, మా కర్నూలు వైపు వీటిని బుడ్డలంటాము. మొక్కను పీకితే వేర్లకు కూడా చిన్న బుడిపెలు కనిపిస్తాయి గదా, వాటిని బట్టి ‘వేరు’ అన్నారేమో? ఊడ దిగినాక కలుపు తీసే గుంటక తోలవద్దని మా పెద్దలు అనేవారు, దానికీ దీనికీ ఏమైనా సంబంధం ఉందా?

జవాబు: ఆ బుడిపెలు గాలిలోని నత్రజనిని స్థిరీకరించే బాక్టీరియా నివాసాలండీ, కాయతో వాటికి పొత్తు లేదు. పీకిన మొక్కలో ఒక కాయను పట్టుకుని ఊడ వెంట పైకి వెళ్తే వేరు దగ్గరికి గాక కొమ్మ కణుపుకు చేరుతారు. గుంటక తగిలి ఊడ తెగితే ఆ కాయ పోయినట్టే గనుక మీ పెద్దల మాట సబబైనదే. పూత దశలో కాల్షియం ఉన్న జిప్సంను మొక్కల మొదళ్లలో వేయడం కూడా ఊరే కాయ తనకు కావలసిన కాల్షియంను చాలావరకు చుట్టూ ఉన్న మట్టి నుంచే నేరుగా తీసుకుంటుంది గనుకనే. అది చాలకపోతే గింజ నిండని లొట్టకాయలు పెరుగుతాయి. నేల నుంచి పోషకాన్ని పీల్చుకునే ఈ గుణాన్ని చూపి ‘వేరు’ అన్న పేరును ఎవరైనా సమర్థించవచ్చు గాని, పువ్వులో పుట్టి కొసన గింజలను మోసేదాన్ని వేరుగా ఒప్పుకోవడం కష్టం.