తూనీగ మీద ఉన్నది మచ్చా, చారా, కట్టా?

సందేహం:
అందరికీ నమస్కారం. తూనీగల ఫోటోల కింద తెలుగులో వివరాలు రాద్దామని కూర్చుంటే ప్రతి వాక్యంలోనూ "మచ్చ" అనే మాటే వచ్చి కూర్చుంటోందండీ. రెక్క మీద నల్లగా పరుచుకున్నదీ మచ్చే, పొట్ట చుట్టూ ఉన్నదీ మచ్చే, రెక్క చివర గింజంత ఉన్నదీ మచ్చే. చదివేవాళ్ళకి ఏది ఏదో ఎలా తెలుస్తుంది? స్పాట్, స్ట్రైప్, బ్యాండ్, ప్యాచ్ అని వాళ్ళకి విడివిడిగా ఉన్నాయి, మనకి లేవా?

జవాబు:
ఎందుకు లేవండీ, బోలెడు ఉన్నాయి, పశువులకీ పాములకీ వాడే మాటల్ని పురుగుల దాకా తీసుకురావట్లేదు అంతే. ఉడుత వీపు మీద ఉన్నవి చారలు. కట్లపాము ఒంటి మీద ఉన్నవి కట్లు, పాము పేరే దాంట్లోంచి వచ్చింది. చిరుతకి మచ్చలు, దుప్పికి చుక్కలు. నెమలి పింఛంలో ఉన్నది కన్ను. వెడల్పుగా ఉంటే పట్టె, కళ్ళలో సన్నగా ఎర్రగా కనిపించేది జీర. నల్లటి ఒంటి మీద తెల్లగా పరుచుకుంటే బొల్లి. చుక్కకి కొంచెం పెద్దది, అంచు సరిగ్గా తెగనిది ఉంటే పొడ. ఇన్ని మాటలు పెట్టుకుని అన్నిటికీ మచ్చ అనడం ఎందుకు చెప్పండి.

ఇది మాటల సరదా కోసం చెప్పట్లేదు, తూనీగల్ని గుర్తుపట్టాలంటే ఈ తేడా నిజంగా కావాలి. ఎందుకంటే వీటిలో రంగుని నమ్ముకుంటే కుదరదు. బాగా ఎర్రగా కనిపించే క్రోకోథెమిస్ సర్విలియా అనే తూనీగ ఉంది కదా, అందులో మగదే ఎరుపు, అది కూడా వయసొచ్చాక, ఆడదీ లేత మగదీ రెండూ పసుపు గోధుమ రంగులోనే ఉంటాయి, రంగు మాత్రమే రాసుకున్నవాళ్ళు వీటిని రెండు జాతులుగా లెక్కేస్తారు. కానీ పొట్ట (అంటే తోకలా కనిపించే పొడవాటి భాగం) మీద వీపు వైపు నడిమధ్యన మొదటి నుంచి చివరిదాకా సన్నటి నల్ల చార ఒకటి ఉంటుంది, అది ఎర్రదానికీ ఉంటుంది పసుపుదానికీ ఉంటుంది. రంగు మారుతుంది, చార మారదు. ఇప్పుడు ఆ చారని "నల్ల మచ్చ" అని రాస్తే చదివినవాడు ఎక్కడో గుండ్రటి దాని కోసం వెతుకుతాడు.

సందేహం:
చార అంటే నిలువు, కట్టు అంటే అడ్డం అనుకోవచ్చా మరి? పులికి అడ్డంగా ఉన్నా చారలే అంటాం కదా మాస్టారూ.

జవాబు:
మంచి మాట అడిగారు. చార అనేది నిలువుకీ అడ్డానికీ రెండిటికీ చెల్లుతుంది, అందుకే వివరంలో నిలువు చార, అడ్డ చార, ఏటవాలు చార అని విప్పి రాయడం మేలు. ఆర్థెట్రమ్ సబీనా అనే తూనీగకి రొమ్ము (కాళ్ళూ రెక్కలూ అతుక్కునే భాగం) పక్కన పసుపు పచ్చ మీద నల్లటి ఏటవాలు చారలు ఉంటాయి, అక్కడ ఏటవాలు అనే మాట లేకపోతే బొమ్మే రాదు. కట్టు మాత్రం ఒంటిని చుట్టినట్టు ఉంటేనే వాడాలి. రెక్కలు వీపు మీదకి మడిచి కూర్చునే సన్న తూనీగల్లో ఇష్నూరా సెనెగాలెన్సిస్ అని ఒకటి, మగదానికి వీపు వైపు పొట్ట మొత్తం నల్లగా ఉండి చివర్లో ఎనిమిదో ఖండితం (పొట్టలో ఒక్కో అతుకు ముక్క) దగ్గర మెరిసే నీలం కట్టు ఉంటుంది, దూరం నుంచి చూస్తే ఆ నీలం ఒక్కటే గాల్లో కదులుతున్నట్టు ఉంటుంది, ఒంటి మిగతాది కనిపించదు. తూనీగ పొట్టకి ఖండితాలు పది, రొమ్ము వైపు నుంచి లెక్క. "తోక చివర నీలం" అంటే ఎవరికైనా అర్థమవుతుంది నిజమే, కానీ ఎనిమిదో దాని మీదా తొమ్మిదో దాని మీదా అన్నదే ఈ సన్న తూనీగల్లో జాతిని తేల్చేస్తుంది, కాబట్టి ఖండితం నంబర్ కూడా రాయండి.

సందేహం:
నాకు ఇంకో ఇబ్బంది "పచ్చ"తో. పచ్చ తూనీగ అని ఒకరు రాస్తే నేను ఆకుపచ్చ అనుకున్నా, ఫోటో చూస్తే పసుపు.

జవాబు:
ఈ గొడవ పాతదే అండీ. పచ్చకామెర్లలో పచ్చ పసుపు, పచ్చిక బయలులో పచ్చ ఆకుపచ్చ, భాషలో రెండూ తప్పు కాదు. కానీ డిప్లకోడెస్ ట్రివియాలిస్ లాంటి వాటి దగ్గర ఇది బాగా ఇబ్బంది పెడుతుంది, నేల మీదా రాళ్ళ మీదా వాలే చిన్న తూనీగ అది, లేతగా ఉన్నప్పుడు ఆకుపచ్చకీ పసుపుకీ మధ్య రంగులో నల్ల గుర్తులతో ఉంటుంది, ముదిరాక మగది మొత్తం బూడిద నీలం అయిపోతుంది. ఆ నీలం చర్మం లోపలి రంగు కాదు, పైన ఏర్పడే మైనం పూత, ద్రాక్షపండు మీద తెల్లగా ఉంటుందే అలాంటిది, రుద్దుకుంటే పోతుంది కూడా, అందుకే ముదురు మగవాటికి పొట్ట పక్కల గీరుకుపోయిన గుర్తులు కనిపిస్తాయి, వాటిని మళ్ళీ మచ్చలు అని రాయకండి. ఆడది జత కట్టేటప్పుడు కాళ్ళతో పట్టుకుంటుంది కదా, అక్కడ పూత చెదురుతుంది. కాబట్టి నా మాట వింటే పచ్చ అని ఒంటరిగా రాయడం మానేసి పసుపు, ఆకుపచ్చ, చిలకపచ్చ అని విడగొట్టి రాయండి.

నీలంతో కూడా ఇంతే. పాత కవిత్వంలో నీలవేణి అంటే నల్లని జడ ఉన్న అమ్మాయి, అళివేణి అన్నా అదే నలుపు, అళి అంటే తుమ్మెద. అక్కడ నీలం, నలుపు, తుమ్మెద ఒకే కుప్పలో ఉన్నాయి, కవిత్వానికి అది అందమే. చెక్కని తొలిచి గూడు పెట్టుకునే ఆ పెద్ద నల్ల తుమ్మెద రెక్కని ఎండలో దగ్గరగా చూస్తే కవులు ఎందుకలా అన్నారో తెలుస్తుంది, నలుపు మీదే ఊదా నీలం నిగనిగలాడుతూ కోణం మారితే మారిపోతుంది. దీనికి "నిగనిగలాడే నలుపు" అని రాస్తే చాలు, వేరే మాట కనిపెట్టక్కర్లేదు.

సందేహం:
లేత మగది ముదిరి రంగు మారడాన్ని ఒక్క మాటలో ఏమనాలి?

జవాబు:
రంగు తిరగడం అనండి! కాయ రంగు తిరిగింది అంటాం కదా, సరిగ్గా అదే పని ఇక్కడా జరుగుతోంది. "రంగు తిరగని మగది", "రంగు తిరిగిన మగది" అని రాస్తే ఎంత హాయిగా ఉందో చూడండి. ఎర్ర తూనీగల్లో ఇది ఎలా జరుగుతుందో 2012లో జపాన్ పరిశోధకులు తేల్చారు, కొత్త రంగేమీ పుట్టదట, చర్మంలో ఉన్న ఓమోక్రోమ్ అనే రంగు పదార్థమే ఆక్సీకరణ రూపంలో పసుపుగా, క్షయకరణ రూపంలో ఎర్రగా కనిపిస్తుంది, మగది ముదిరేకొద్దీ ఎర్ర రూపం వైపు మారుతుంది. తిరగడం అనే మాట దీనికి భలే అతుకుతుంది.

సందేహం:
సీతాకోకచిలుకలకి కూడా ఇవే మాటలు వాడొచ్చా అండీ?

జవాబు:
నిరభ్యంతరంగా. అక్కడ చుక్కలు లెక్కపెట్టాల్సి వస్తుంది కాబట్టి ఇంకా జాగ్రత్తగా వాడాలి. ప్లెయిన్ టైగర్ అనే నారింజ రంగు సీతాకోకచిలుక గొంగళి పురుగుగా ఉన్నప్పుడు జిల్లేడు తిని పెరుగుతుంది, పక్షులకి రుచించదు, దాని వేషం వేసుకుని డానైడ్ ఎగ్‌ఫ్లై అనే ఇంకో సీతాకోకచిలుకలో ఆడది తిరుగుతుంది. పైపైన చూస్తే రెండూ ఒకటే. వెనక రెక్క మధ్యలో మూడు నాలుగు నల్ల చుక్కలుంటే అసలుది, పై అంచు దగ్గర ఒక్కటే ఉంటే వేషం వేసినది. చుక్క అని రాయకుండా "నల్ల మచ్చలు ఉన్నాయి" అని వదిలేస్తే గుర్తుపట్టడానికి ఉన్న ఒక్క ఆధారం పోతుంది. ఇక వలయాలు వలయాలుగా ఉండేవి, ఉదాహరణకి పీకాక్ పాన్సీ రెక్కల మీదవి, వాటికి కన్ను అనే మాటే సరైనది, పేరులోనే నెమలి ఉంది.

మళ్ళీ తూనీగల దగ్గరకి వస్తే, రెక్క చివర గింజంత ఉన్నది అని మీరు మొదట్లో అన్నారే, రెక్క ముందు అంచున చివరికి దగ్గరగా ఉండే ఆ చిన్న చిక్కటి గడిని ప్టెరోస్టిగ్మా అంటారు, దీనికి "రెక్కబొట్టు" అని వాడితే బాగుంటుందని నా ప్రతిపాదన. దాదాపు అన్ని తూనీగలకీ ఉంటుంది, చుట్టుపక్కల రెక్క కంటే బరువుగా ఉండి, గాల్లో తేలేటప్పుడు రెక్క వణక్కుండా ఆపుతుంది. దీన్ని మచ్చ అంటే ఏదో అదనంగా అంటుకున్నదానిలా ఉంటుంది, అందుకని నాకు ఆ మాట నచ్చదు.

సందేహం:
సరే, ఇప్పుడు మీరు చెప్పిన మాటలతోనే రాస్తున్నా, పేరు చెప్పండి. "రెక్కలు మొదటి సగం నల్లగా, దాని పక్కనే తెల్లటి పట్టె, చివర్లు గాజులా ఖాళీ. ఒళ్ళు నలుపు, వీపు మీద లేత పసుపు నిలువు చార." గడ్డి కొస మీద వాలింది, రెక్కలు ముందుకి వంచి పెట్టింది.

జవాబు:
చూశారా, ఫోటో లేకుండానే తెలిసిపోయింది, నియూరోథెమిస్ తుల్లియా, రంగు తిరిగిన మగది! తెల్ల పట్టె ఉండేది మగదానికే, ఆడదాని రెక్కలు పసుపు, మీద ముదురు గోధుమ మచ్చలు, ఇక్కడ మచ్చ అనే మాట ధైర్యంగా వాడొచ్చు. ఈసారి అనుమానం వస్తే పక్క నుంచి కూడా ఒక ఫోటో తీసుకోండి, పొట్ట మొదట్లో రెండో ఖండితం కింద చిన్న ఉబ్బు కనిపిస్తే అది మగదే, రంగు ఏదైనా సరే.