నాన్నగారి వాచీ చూపే షుగరు లెక్కను నమ్మవచ్చా?

ప్రశ్న (మారతహళ్లి, బెంగళూరు):
అనంతపురం నుండి వచ్చి మా దగ్గర ఉంటున్న నాన్నగారికి పన్నెండేళ్లుగా షుగరు ఉంది. నడక, నిద్ర ఎలా ఉన్నాయో తెలుస్తుందని ఒక స్మార్ట్‌వాచ్ కొనిచ్చాను. సూది గుచ్చకుండానే షుగరు చెబుతుందని దాని పెట్టె మీద రాసి ఉండడంతో ఆయన గ్లూకోమీటరు వాడడమే మానేశారు. మొన్న భోజనమైన రెండు గంటలకు నేను పట్టుబట్టి వేలికి గుచ్చి చూస్తే 214 వచ్చింది. అదే సమయంలో వాచీ 118 చూపింది. పైగా లాల్‌బాగ్‌లో ముప్పావుగంట నడిచిన రోజు కూడా అడుగులు వెయ్యి దాటలేదు. వీటిలో దేనిని నమ్మాలి?

మొదటి సమాధానం:
షుగరు విషయంలో ఆ వాచీని నమ్మవద్దని ఆయనకు ఈరోజే చెప్పండి. చర్మానికి గుచ్చకుండా రక్తంలో గ్లూకోజు కొలుస్తామనే వాచీలను, ఉంగరాలను వాడవద్దని, అలాంటి పరికరం దేనికీ తాము అనుమతి ఇవ్వలేదని అమెరికాలో మందులకు, వైద్య పరికరాలకు అనుమతులిచ్చే సంస్థ ఎఫ్‌డీఏ 2024 ఫిబ్రవరిలో హెచ్చరించింది. తప్పు అంకె చూసి ఇన్సులిన్ ఎక్కువ తీసుకుంటే షుగరు ప్రమాదకరంగా పడిపోతుంది. గ్లూకోజును రాత్రింబవళ్లు కొలుస్తూ ఉండేందుకు జబ్బకు అంటించుకునే సీజీఎం అనే పరికరం సంగతి వేరు. దాని సన్నని తీగ చర్మం కిందికి దిగి, కణాల మధ్య ఉండే ద్రవంలో గ్లూకోజును కొలుస్తుంది కనుక, రక్తంలో వచ్చిన మార్పు అందులో కొన్ని నిమిషాలు ఆలస్యంగా కనిపిస్తుంది.

రెండవ సమాధానం:
ఆయన చేతులు వెనక్కి కట్టుకుని నడుస్తారా అండీ? మా మామయ్యగారికి ఆ అలవాటు ఉంది. వాచీ ముఖ్యంగా చేతి ఊపును బట్టే అడుగులు లెక్కిస్తుంది కనుక, చెయ్యి కదలనప్పుడు చాలా అడుగులు లెక్కలోకి రావు. గుండె వేగాన్ని మాత్రం చర్మం మీద పడే ఆకుపచ్చ వెలుగును రక్తం ఎంత పీల్చుకుంటున్నదో చూసి లెక్కగడుతుంది, అందుకని పట్టీ వదులుగా ఉంటే అదీ తప్పుతుంది. పదివేల అడుగులు పూర్తికాలేదని ఆయనను బాధపడనివ్వకండి. ఆ అంకె 1965లో జపానులో అమ్మిన ఒక అడుగుల మీటరు పేరు నుండి వచ్చింది. వారానికి కనీసం 150 నిమిషాల ఓ మోస్తరు వేగపు వ్యాయామం చాలునని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతున్నది.

ప్రశ్న అడిగినవారు:
అవునండీ, చేతులు వెనక్కి కట్టుకునే నడుస్తారు! ఈ ఉదయం చేతులు ఊపుతూ నడవమంటే అదే దారిలో నాలుగు వేలు దాటింది. గ్లూకోమీటరు మళ్లీ భోజనాల బల్ల మీదికి వచ్చింది. అంకెలన్నీ పుస్తకంలో రాసి, వచ్చే వారం డాక్టరు గారికి చూపిస్తాము.