కాలువకి పొలం పోతోంది, పరిహారం ఎలా లెక్కేస్తారు?

మెట్టరైతు: మాది 2 ఎకరాల మామిడి తోట, బోరు కూడా ఉంది. బయట ఎకరం పాతిక లక్షలకి అడుగుతుంటే, ఆఫీసులో రిజిస్ట్రేషన్ విలువ 6 లక్షలే చూపిస్తున్నారు. ఇదేం న్యాయం?

బందరుబాబాయ్: ఆ 6 లక్షలే ఫైనల్ కాదండీ. 2013 భూసేకరణ చట్టం ప్రకారం చుట్టుపక్కల గత మూడేళ్ల సేల్ డీడ్లు తీసి, వాటిలో ఎక్కువ రేటున్న సగం డీడ్ల సగటు చూడాలి, అది రిజిస్ట్రేషన్ విలువ కన్నా ఎక్కువైతే అదే లెక్క. పల్లెల్లో దాన్ని 1 నుంచి 2 మధ్య రాష్ట్రం నిర్ణయించిన గుణకంతో హెచ్చవేస్తారు, చెట్లు, బోరు విలువ కలుపుతారు, ఆ మొత్తానికి నూటికి నూరు శాతం సొలేషియం, అంటే భూమి బలవంతంగా తీసుకుంటున్నందుకు ఇచ్చే అదనపు సొమ్ము. ఉదాహరణకి 10 లక్షలు, గుణకం 1.25 అనుకోండి, 12.5 అవుతుంది, చెట్లకి లక్ష కలిపితే 13.5, సొలేషియంతో 27. పైన మార్కెట్ విలువ మీద ఏడాదికి 12 శాతం వేరు.

సీమపిల్ల: లెక్క బాగుంది కానీ, స్టాంప్ డ్యూటీ మిగుల్చుకోడానికి మనవాళ్లు సగం రేటే కాగితం మీద రాయిస్తారు కదా, దెబ్బ అక్కడే. పక్క ఊరి డీడ్లు కూడా చూడు అన్నా, సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో సర్టిఫైడ్ కాపీలు ఇస్తారు.

మెట్టరైతు: డబ్బు తీసుకుంటే ఒప్పుకున్నట్టేనా?

బందరుబాబాయ్: ‘అభ్యంతరంతో తీసుకుంటున్నాను’ అని రాసి తీసుకోండి. అవార్డు, అంటే పరిహారం ఖరారు చేసే ఉత్తర్వు, ఇచ్చేటప్పుడు మీరు అక్కడుంటే, ఆరు వారాల్లోపు సెక్షన్ 64 కింద కలెక్టర్‌కి అర్జీ పెట్టాలి. చెట్లని వయసుతో సహా పంచనామాలో రాయించడం మరిచిపోకండి.