పూర్తి మెజారిటీ ఉంటేనే పనులవుతాయా? సరిహద్దు జిల్లాలవాళ్లు చెప్పండి

బరంపురం_కుర్రోడు:
ఢిల్లీలో 2014లో 282, 2019లో 303 సీట్లతో ఒకే పార్టీకి సొంత బలం. 2024లో అదే పార్టీ 240 దగ్గర ఆగింది, మిత్రులతో కలిపితే 293. మన ఒడిశాలో 2009 నుంచి మూడు ఎన్నికల్లోనూ బీజేడీకి 147 అసెంబ్లీ సీట్లలో వందకు తగ్గలేదు. 2024లో బీజేపీకి 78 వచ్చాయి, కావలసింది 74.

గంజాం, గజపతి, రాయగడ, కొరాపుట్ జిల్లాల్లో ఉన్న మన తెలుగువాళ్లకి ఏది నయం? ఎవరినీ బతిమాలక్కర్లేని ప్రభుత్వమా, రోజూ లెక్కలు చూసుకునే ప్రభుత్వమా? నేనైతే మొదటిదే అంటాను. 1989 నుంచి 1999 వరకు లోక్‌సభకు ఐదుసార్లు ఎన్నికలు జరిగాయి, ఆరుగురు ప్రధానులు మారారు. చంద్రశేఖర్ గారి సర్కారు కాంగ్రెస్ దయ మీద నడిచి నాలుగు నెలలు తిరక్కుండానే రాజీనామా చేసింది. అలాంటి ప్రభుత్వం రైల్వే లైను వేయిస్తుందా, రిజర్వాయర్ కట్టిస్తుందా? రేపు కుర్చీ ఉంటుందో లేదో తెలియనివాడు పదేళ్ల పని ఎందుకు మొదలుపెడతాడు?

పర్లాకిమిడి_మాస్టారు:
బాబూ, మూడు వేర్వేరు సరుకుల్ని ఒకే సంచిలో వేశావు. ఒక పార్టీకి సొంత మెజారిటీ ఒకటి. ఎన్నికల ముందో తర్వాతో పొత్తు పెట్టుకుని మెజారిటీ తెచ్చుకోవడం ఇంకొకటి, ఇప్పుడు ఢిల్లీలో ఉన్నది అదే, దాన్ని మైనారిటీ ప్రభుత్వం అనకూడదు. మంత్రివర్గంలో ఉన్న పార్టీలన్నీ కలిపినా సగం దాటకపోతే, బయటి మద్దతుతోనో, ఎదుటివాళ్లు ఓటింగ్‌కి దూరంగా ఉండడం వల్లనో బతికేది మూడోది. అసలు మైనారిటీ ప్రభుత్వం అది.

లోక్‌సభలో సగం దాటాలంటే 272 కావాలంటారు, రాజ్యాంగంలో ఆ అంకె ఎక్కడా లేదు. మంత్రివర్గం లోక్‌సభకు జవాబుదారీగా ఉండాలని 75వ అధికరణం చెబుతుంది. సభలో మామూలు నిర్ణయాలు హాజరై ఓటేసినవాళ్లలో ఎక్కువమంది మాట ప్రకారం జరుగుతాయని 100వ అధికరణం చెబుతుంది. అంతే. 1991లో పీవీ గారు గట్టెక్కింది ఈ దారిలోనే. కాంగ్రెస్‌కి మెజారిటీ లేదు, విశ్వాస పరీక్ష రోజున ప్రతిపక్షంలో ఒక భాగం ఓటింగ్‌కి దూరంగా కూర్చుంది.

ఆ మైనారిటీ రోజుల్లోనే, 1992 డిసెంబర్‌లో, పంచాయతీలకు 73వ సవరణ, పట్టణాలకు 74వ సవరణ లోక్‌సభలో నెగ్గాయి. రాజ్యాంగ సవరణకి మూడింట రెండొంతుల ఓట్లు కావాలి. ఎదుటి పక్షాన్ని ఒప్పించకుండా వచ్చే ఓట్లా అవి? ఈ రోజు మన ఊరి సర్పంచ్ కుర్చీకి ఆ మాత్రం భద్రత ఉందంటే అప్పటి చలవే.

పీవీ గారు మన బరంపురం ఎంపీ కూడా అని నీకు గుర్తుచేయనక్కర్లేదనుకుంటాను. 1996లో నంద్యాల, బరంపురం రెండుచోట్లా గెలిచి బరంపురమే ఉంచుకున్నారు.

బరంపురం_కుర్రోడు:
గుర్తుంది మాస్టారూ. 1993 జులై కూడా గుర్తుంది. అవిశ్వాసం 251–265తో వీగిపోయింది. ఆ ఓట్లలో జార్ఖండ్ ముక్తి మోర్చా (జేఎంఎం) ఎంపీలవి ఎలా వచ్చాయో కేసు నడిచింది. పీవీ గారికి 2000లో కింది కోర్టు శిక్ష వేసింది, 2002లో ఢిల్లీ హైకోర్టు కొట్టేసింది, అది వేరే సంగతి. లంచం పుచ్చుకుని సభలో ఓటేసినవాళ్లకి రక్షణ ఉందని 1998లో సుప్రీంకోర్టు అంది. ఆ మాట తప్పని ఏడుగురు జడ్జీల బెంచి చెప్పడానికి 2024 మార్చి దాకా పట్టింది. మైనారిటీ ప్రభుత్వం అంటే 'అందరినీ అడిగి చేస్తుంది' అని మీరు అందంగా చెప్తున్నారు. అడగడానికి వెళ్లినవాడు ఉత్త చేతులతో వెళ్తాడా?

జైపూర్_కిరాణా:
నేను వ్యాపారస్తుణ్ని, చట్టాలు నాకు తెలీవు. జీఎస్టీ రాకముందు సాలూరు ఘాట్ దిగాక చెక్‌పోస్టు దగ్గర మా సరుకు లారీ ఎన్ని గంటలు ఆగేదో మాకు తెలుసు. బిల్లు ఉన్నా చూస్తారు, లేకపోయినా చూస్తారు, డ్రైవర్ టీ తాగి పడుకునేవాడు. 2017 జులై తర్వాత ఆ టెన్షన్ పోయింది. గట్టి ప్రభుత్వం ఉంది కాబట్టే అయింది. కుర్రోడి మాటే నాది.

పర్లాకిమిడి_మాస్టారు:
శెట్టిగారూ, మీరు తెచ్చిన ఉదాహరణ నా వైపుదే. అప్పుడు లోక్‌సభలో వాళ్లకి 282 ఉంటే ఉండొచ్చు, రాజ్యసభలో లేదు. అక్కడ అది మైనారిటీయే. అందుకే 2016 ఆగస్టులో కాంగ్రెస్‌తో కూర్చుని, రాష్ట్రాల మధ్య సరుకు రవాణా మీద అదనంగా వేద్దామనుకున్న ఒక శాతం పన్ను వదులుకున్నాకే సవరణ గట్టెక్కింది. ఆ ఒక శాతం ఉండి ఉంటే విజయనగరం నుంచి జైపూర్ తెచ్చే ప్రతి మూట మీదా పడేది. మీ జేబులో మిగిలింది బలం వల్ల కాదు, బలం చాలకపోవడం వల్ల.

జైపూర్_కిరాణా:
ఇదేటి మాస్టారూ, నా కొట్టు తాళంతోనే నా కొట్టు తెరిచేశారు.

వంశధార_ఉమ:
ఇంతసేపూ ఎవరూ 1999 ఏప్రిల్ 17 ఎత్తలేదు, ఆశ్చర్యం. వాజ్‌పేయి గారి ప్రభుత్వం 269–270తో పడిపోయిన రోజు. ఆ ఒక్క ఓటు ఎవరిదని దేశమంతా వెతికితే వేలు చివరికి మా వైపే చూపించింది. గిరిధర్ గొమాంగో గారు అప్పటికి రెండు నెలలుగా ఒడిశా ముఖ్యమంత్రి, కానీ కొరాపుట్ ఎంపీ పదవికి ఇంకా రాజీనామా చేయలేదు. ముఖ్యమంత్రి అయినా ఆరు నెలల్లోపు అసెంబ్లీకి ఎన్నికైతే చాలు, ఈలోగా ఎంపీగా ఉండొచ్చు. స్పీకర్ బాలయోగి గారు, మన తెలుగాయనే, ఓటు వేయాలా వద్దా అన్నది ఆయన మనస్సాక్షికే వదిలేశారు. ఆయన వేశారు. (కశ్మీర్ నుంచి సైఫుద్దీన్ సోజ్ గారు కూడా సొంత పార్టీ మాట కాదని వ్యతిరేకంగా వేశారు. కాబట్టి ఆ ఒక్క ఓటు ఆయనది కూడా అనొచ్చు. అందరూ మా ఎంపీనే అన్నారు.)

నేనప్పుడు ఇంటర్. మా నాన్నకి ఎరువుల కొట్టు. ఆ రోజు కొట్టు ముందు పోగైనవాళ్లలో సగం మందికి ఏదో ఘనకార్యం చేసినట్టు గర్వం. మిగతా సగం మంది తిట్టారు. నేను ఇప్పుడు అడుగుతున్నది వేరు. దేశ ప్రభుత్వాన్ని పడగొట్టిన ఓటు మా నియోజకవర్గానిది. మాకేం వచ్చింది? కొరాపుట్‌కి ఒక రూపాయి ఎక్కువ వచ్చిందా? లెక్క తక్కువైనప్పుడు ప్రతి ఓటుకీ విలువ పెరుగుతుందంటారు. పెరిగే మాట నిజమే. ఆ విలువ ఎంపీ చేతిలో పెరుగుతుంది, ఓటరు చేతిలో కాదు. ఇక్కడ మాస్టారితో నాకు పేచీ.

కుర్రోడితోనూ పేచీ ఉంది. షెడ్యూల్డ్ ప్రాంతాల్లో గ్రామసభకి అధికారమిచ్చిన పీసా చట్టం వచ్చింది 1996 డిసెంబర్‌లో. అప్పుడు ప్రధాని దేవెగౌడ గారు, యునైటెడ్ ఫ్రంట్ ప్రభుత్వం, కాంగ్రెస్ బయటి మద్దతు. నీ భాషలో రేపు ఉంటుందో లేదో తెలియని ప్రభుత్వం. నిజంగానే పది నెలలకి దేవెగౌడ గారు దిగిపోయారు. చట్టం మాత్రం ఉంది. దాన్ని అమలు చేసే నియమాల సంగతి చూడు. ఆంధ్రా 2011లో పెట్టుకుంది, మహారాష్ట్ర 2014లో. ఒడిశా ముసాయిదా బయటపెట్టింది 2023లో. మధ్యలో ఇక్కడ ఉన్నదంతా వందకు పైగా సీట్ల ప్రభుత్వమే. పది నెలల ప్రభుత్వం చట్టం చేసి వెళ్లింది. పదేళ్లు, పదిహేనేళ్లు ఉన్న ప్రభుత్వానికి దాని నియమాలు రాయడానికి తీరిక దొరకలేదు. ఎవరైనా అడ్డుకుంటారన్న భయం లేదు కదా, తొందరేముంది!

సిరొంచ_రాజన్న:
ఇది ఒడిశావాళ్ల ముచ్చట అయినా నేనూ ఒక మాట చెప్తా. మాది గడ్చిరోలి జిల్లా, గోదావరి ఒడ్డు. 2016 ఆగస్టులో ముంబైలో తెలంగాణ, మహారాష్ట్ర ముఖ్యమంత్రులు మేడిగడ్డ బ్యారేజీ ఒప్పందం మీద సంతకాలు చేశారు. రెండు దిక్కులా నిలదొక్కుకున్న ప్రభుత్వాలే. పని జరిగింది, కుర్రోడు చెప్పినట్టే మస్తు వేగంగా జరిగింది. వానాకాలంలో వెనక జలాలు మా సిరొంచ రైతుల పత్తి చేలల్లో నిలిచాయి. 2023 అక్టోబర్‌లో బ్యారేజీ పిల్లర్లే కుంగాయి. ఆ వేగంలో మమ్మల్ని అడిగే తీరిక ఎవరికి ఉంది? మా ఓట్లు ఎన్నున్నా ముంబైలో ఎవరి కుర్చీ కదలదు.

ఇంకో సంగతి. 2014లో ఫడ్నవీస్ గారి బీజేపీ 288లో సొంతంగా గెలిచింది 122 సీట్లే. నవంబర్ 12న విశ్వాసం మూజువాణి ఓటుతో నెగ్గిందన్నారు. ఎవరు అవునన్నారు, ఎవరు కాదన్నారు, పేర్లు లేవు. మైనారిటీ ప్రభుత్వం మంచిదో చెడ్డదో తర్వాత, ముందు అది మైనారిటీయో కాదో లెక్కపెట్టి చూపించాలి గదా?

పర్లాకిమిడి_మాస్టారు:
రాజన్నగారూ, మాకూ అదే జరిగింది. 2009 మార్చి 11. సీట్ల సర్దుబాటు దగ్గర తెగిపోయి బీజేపీ మద్దతు తీసేసింది. అప్పటికి బీజేడీకి 61 మందే, నెగ్గింది మూజువాణితోనే, ప్రతిపక్షం గోల చేసింది. రెండు నెలల తర్వాత ఎన్నికల్లో 103 వచ్చాయి కాబట్టి ఎవరూ ఇప్పుడు ఆ మాట ఎత్తరు. నన్నడిగితే విశ్వాస పరీక్షలో మూజువాణి ఓటు పనికిరాదని రూలే పెట్టాలి.

బరంపురం_కుర్రోడు:
మూజువాణి విషయంలో ఒప్పుకుంటాను. కానీ ఉమక్కా, నువ్వే చెప్పావు, విలువ ఎంపీకే పెరుగుతుందని. అంటే నా వాదనే కదా?

వంశధార_ఉమ:
కాదు తమ్ముడూ. ఎవరి ఎంపీకి పెరుగుతుందన్నది చూడు. 2024లో పక్కనున్న ఆంధ్రా నుంచి టీడీపీకి 16 మంది ఎంపీలు, వాళ్లు లేకపోతే ఢిల్లీలో ఇరకాటం. ఆ జులై బడ్జెట్‌లోనే అమరావతికి 15,000 కోట్ల ఏర్పాటు, 2025 జనవరిలో విశాఖ ఉక్కుకి 11,440 కోట్లు. ఒడిశాలో 21కి 20 మందిని బీజేపీకే ఇచ్చాం, మిగిలిన ఒక్కటీ మా కొరాపుట్, కాంగ్రెస్‌కి వెళ్లింది. 20 ఇచ్చినవాళ్లు ఎక్కడికీ పోరు. 16 ఇచ్చినవాళ్లు పోవచ్చు. ఎవరిని ముందు పలకరిస్తారు? రాయగడ రైల్వే డివిజన్ సంగతి ఎవరైనా ఎత్తుతారేమో, 2019 ఫిబ్రవరిలో ప్రకటించారు, శంకుస్థాపన 2025 జనవరిలో. అది పొత్తు వల్ల అయిందనీ అనను, మెజారిటీ వల్ల ఆగిందనీ అనను.

మా ఊళ్లో జరిగింది చెప్తాను, ఊరి పేరు రాయను, చిన్న ఊరు. 2022 నుంచి ఒడిశాలో మున్సిపాలిటీ చైర్‌పర్సన్‌ని జనమే నేరుగా ఎన్నుకుంటున్నారు కదా. మాకు చైర్‌పర్సన్ ఒక పార్టీ, కౌన్సిలర్లలో ఎక్కువమంది అవతలి పార్టీ. మార్కెట్ వెనక డ్రైన్‌కి స్లాబులు వేయాలని ఫైలు పెడితే రెండు మీటింగుల్లో ఆగిపోయింది. మూడోదానికి ముందు చైర్‌పర్సన్ స్వయంగా అవతలి కౌన్సిలర్ల వార్డులు తిరిగారు, వాళ్ల గల్లీల్లో ఎక్కడ మురుగు పొంగుతుందో రాసుకున్నారు. ఫైలు పాసయింది. ముందు వాళ్ల వార్డుల్లో స్లాబులు పడ్డాయి. మా వార్డు కౌన్సిలర్ చైర్‌పర్సన్ పార్టీవాడే, అందుకే మా వంతు ఆఖరికి వచ్చింది. నాకు కోపం వచ్చిన మాట నిజం. కానీ ఆ వార్డులకి అంతకుముందు ఎవరూ వచ్చి చూడలేదన్నది కూడా నిజమే.

బరంపురం_కుర్రోడు:
మరి దీనికి అంతెక్కడ? ప్రతి ఫైలుకీ ఊరంతా తిరుగుతూ కూర్చుంటే పరిపాలన ఎప్పుడు? బెల్జియంలో 2010–11లో 541 రోజులు బేరాలాడుకుంటూ పూర్తిస్థాయి ప్రభుత్వమే లేకుండా గడిపారు.

జైపూర్_కిరాణా:
541 రోజులా! మా తహసీల్దారు గారు వారం సెలవు పెడితేనే పిల్లాడి సర్టిఫికెట్ ఆగిపోతుంది.

పర్లాకిమిడి_మాస్టారు:
బెల్జియం దగ్గరే ఆగకుండా డెన్మార్క్ దాకా వెళ్లు బాబూ. అక్కడ మైనారిటీ ప్రభుత్వాలే మామూలు. ప్రభుత్వానికి అనుకూలంగా మెజారిటీ ఉందని చూపించనక్కర్లేదు, వ్యతిరేకంగా మెజారిటీ లేకపోతే చాలు. జర్మనీలో ఇంకో కట్టుబాటు ఉంది. ఛాన్సలర్‌ని దించాలంటే ఆయన బదులు ఎవరో అదే ఓటులో ఎన్నుకోవాలి. 1982లో ష్మిట్ పోయి కోల్ వచ్చింది అలాగే. మన 1999లో ఆ రూలుంటే, పడగొట్టినవాళ్లు ఎవరిని కూర్చోబెడతారో ముందే చెప్పాల్సి వచ్చేది. చెప్పలేకపోయారు కాబట్టే మళ్లీ ఎన్నికలు.

ఇక మెజారిటీ అన్న మాట మీదే నాకు అనుమానం. 2024లో మన అసెంబ్లీకి బీజేడీకి, బీజేపీకి చెరో 40 శాతం ఓట్లు, బీజేడీకే పిసరంత ఎక్కువ. సీట్లు 51, 78. సభలో మెజారిటీ అన్నది జనంలో మెజారిటీ కానక్కర్లేదు. నా ఓటు పొత్తు ప్రభుత్వానికి, 2004లో యూపీఏ వాళ్లు ఉమ్మడి కార్యక్రమం కాగితం మీద పెట్టుకున్నట్టు, ఏమి ఇచ్చిపుచ్చుకున్నారో ముందే రాసి జనానికి చూపించే షరతు మీద.

బరంపురం_కుర్రోడు:
ఆ కాగితం 2008లో అణు ఒప్పందం దగ్గర చిరిగింది మాస్టారూ. లెఫ్ట్ మద్దతు తీసేసింది, జులై 22న 275–256తో బయటపడ్డారు. అదే రోజు ఎంపీలు సభలో నోట్ల కట్టలు ఎత్తి చూపించారు, టీవీలో అందరం చూశాం. 1993లోనూ ఇదే కథ.

వంశధార_ఉమ:
నోట్ల కట్టలు ఊపిన ఆ లోక్‌సభే 2006 డిసెంబర్‌లో అటవీ హక్కుల చట్టం చేసింది తమ్ముడూ. లెఫ్ట్ మద్దతు లేకపోతే నిలవని ప్రభుత్వం అది. ఆ చట్టం ఆధారంగానే 2013లో సుప్రీంకోర్టు నియమగిరి కొండల్లో బాక్సైట్ తవ్వాలా వద్దా అన్నది గ్రామసభల్ని తేల్చమంది. రాయగడ, కలహండి జిల్లాల్లో 12 ఊళ్లు కూర్చున్నాయి, 12కి 12 వద్దన్నాయి.

బరంపురం_కుర్రోడు:
నియమగిరి నీది అక్కా, ఇచ్చేశాను. మిగతాదాంట్లో నా ఓటు మారలేదు.