గ్రేటా ష్రోడర్ వివరాలు: ఏ తేదీ నమ్మాలి, ఏ ప్రింటు వేయాలి?

ప్రశ్న: ఫిల్మ్ సొసైటీ ప్రదర్శనకి జర్మన్ మూకీ రక్తపిశాచి సినిమా ‘నోస్ఫెరాటు’ (1922) కథానాయిక గ్రేటా ష్రోడర్ మీద ఒక పేజీ పరిచయం రాస్తున్నాను. ఆవిడ చనిపోయింది ఒకచోట 1967లో, ఇంకోచోట 1980లో అని ఉంది. పాత్ర పేరు ఒక ప్రింటులో ఎలెన్, మరోదాంట్లో నీనా. నిడివి కూడా కాపీకొకలా ఉంది. అప్పట్లో పెద్ద స్టారేనా?

జవాబు: 1980 వేయండి. 1892లో డ్యూసెల్డార్ఫ్‌లో పుట్టి, 1980లో బెర్లిన్‌లో పోయారు. 1967 అన్నది పాత పట్టికల్లోంచి ఒకరిని చూసి ఒకరు ఎత్తిరాసుకున్నది. పెద్ద స్టార్ అని మాత్రం రాయకండి. ‘నోస్ఫెరాటు’ తీసిన తీరు మీద 2000లో వచ్చిన సినిమా ‘షాడో ఆఫ్ ద వాంపైర్’ ఆవిడను పేరుమోసిన తారగా చూపించింది, అది కల్పన. ‘గోలెం’లో (1920) ఆవిడది చిన్న వేషమే. ఆ సినిమా తీసిన పాల్ వేగెనర్‌ని తర్వాత పెళ్లాడారు. మొదటి భర్త ఎర్న్‌స్ట్ మాట్రే. వెతికేటప్పుడు ఇంటిపేరు ష్రోడర్‌తో పాటు ష్రోడర్-మాట్రే అని కూడా కొట్టి చూడండి, తొలి సినిమాలు అక్కడ తగులుతాయి. జర్మన్ చుక్కల ‘ఓ’ కీబోర్డులో లేకపోతే ‘ఓ, ఈ’ రెండు రోమన్ అక్షరాలూ పక్కపక్కన కొట్టండి.

ఇంకో జవాబు: జర్మన్ మూలంలో పాత్ర పేరు ఎలెన్ హుటర్. ఇంగ్లీషు టైటిల్ కార్డులు (మూకీలో మాటలు చూపే పలకలు) వేసినవాళ్లు ‘డ్రాకులా’ నవల పేర్లు తగిలించారు, నవలలోని మీనాకి దగ్గరగా నీనా అలా వచ్చింది. పరిచయంలో ఎలెన్ అనే ఉంచండి.

అసలు జాగ్రత్త పడాల్సింది నిడివి దగ్గర. విడుదలైనప్పుడు పొడవు 1967 మీటర్లు. 35 ఎం.ఎం.లో మీటరుకి సుమారు 52.6 ఫ్రేములు. సెకనుకి 18 ఫ్రేముల లెక్కన దాదాపు 96 నిమిషాలు, 24 లెక్కన 72. అంటే నిడివి తక్కువగా ఉన్న కాపీలో కోతలున్నా ఉండొచ్చు, వేగం పెంచినా ఉండొచ్చు. ఎలెన్ నిద్రలో బాల్కనీ పిట్టగోడ మీద నడిచే దృశ్యం పెట్టి చూడండి. వేగం పెరిగిన కాపీలో అడుగులు టకటకా పడతాయి, ఆ నిద్రమత్తు పోతుంది. పాపం, ఆ నటన మీద వచ్చిన విమర్శల్లో కొంత ఈ వేగానిదే అని నా గట్టి నమ్మకం.

ప్రశ్న: రంగులద్దిన ప్రింటు కావాలా, నలుపు-తెలుపు చాలదా?

జవాబు: చాలదండీ. రాత్రి దృశ్యాలు చాలావరకు పగటి వెలుగులో తీసి, ప్రింటుకి నీలం అద్దారు. ఆ నీలం లేకపోతే, ఎండ తగిలితే చచ్చే రక్తపిశాచి ఓర్లాక్ పట్టపగలు శవపేటిక మోసుకు తిరుగుతున్నట్టుంటుంది, చివర్లో ఎలెన్ అతన్ని తెల్లవారేదాకా ఆపడానికి అర్థమే ఉండదు. ఈ సినిమా దర్శకుడి పేరిట ఉన్న ముర్నౌ ఫౌండేషన్ పునరుద్ధరించిన 94 నిమిషాల ప్రింటు అడగండి. ప్రదర్శనకి ముందు సముద్రపొడ్డున శిలువల మధ్య ఆవిడ కూర్చున్న షాట్ ఒకసారి వేసి చూసుకోండి. ప్రొజెక్టర్ వెలుగు ఎక్కువైతే ఇసుక తెల్లగా పేలిపోయి ముఖం కనిపించదు, బ్రైట్‌నెస్ అక్కడే సరిచేయాలి.